‘అర్థమైంది’ అంటారు, కీబోర్డు ముందు ఆగిపోతారు

ప్రశ్న: చాలా ఏళ్లుగా సర్వర్ల నిర్వహణలో ఉన్నాను. కంప్యూటర్ కొత్తగా నేర్చుకునేవాళ్ల కోసం ఆపరేటింగ్ సిస్టమ్ మీద తెలుగులో ఒక పుస్తకం రాస్తున్నాను. మొదటి అధ్యాయంలో నిర్వచనం, చరిత్ర, రకాలు చెప్పాను. రెండోదాంట్లో కెర్నల్ (ఆపరేటింగ్ సిస్టమ్ లోపలి ముఖ్య భాగం), షెల్ (కమాండ్లు తీసుకునే భాగం), ప్రాసెస్ (నడుస్తున్న ప్రోగ్రాం), మెమరీ గురించి బొమ్మలతో వివరించాను. చదివిన ముగ్గురూ బాగుంది, అర్థమైంది అన్నారు. ‘మీ మెషీన్‌లో ఇప్పుడు ఏ ప్రాసెస్‌లు నడుస్తున్నాయో చూపించండి’ అంటే మాత్రం ఒక్కరూ చూపించలేకపోయారు. మూడో అధ్యాయం మొదలుపెట్టడానికి చెయ్యి రావడం లేదు. లోపం ఎక్కడుంది? విండోస్ మీద రాయాలా, లినక్స్ మీద రాయాలా? ఎంత లోతుకు వెళ్లాలి? కమాండ్లు, స్క్రీన్‌షాట్లు ఎలా ఇవ్వాలి?

జవాబు: మూడో అధ్యాయం సంగతి తర్వాత చూద్దాం. ముందు మొదటి రెండింటినీ తిరగరాయాలి. మీ వాక్యాల్లో తప్పేమీ ఉండి ఉండదు, లోపమంతా వరసలో ఉంది. ప్రాసెస్ అనేదాన్ని ఎన్నడూ చూడని మనిషికి ముందు దాని పేరు చెప్పారు, ఆ తర్వాత నిర్వచనం ఇచ్చారు, చివరికి బొమ్మ గీశారు. అతను చూసింది మీ బొమ్మనే, తన మెషీన్ వైపు ఒక్కసారి కూడా చూడలేదు. వాక్యం సాఫీగా ఉంటే చదివేవాళ్లకు విషయం కూడా తెలిసిపోయినట్టే ఉంటుంది. ఆ ముగ్గురూ మిమ్మల్ని మెప్పించడానికి అలా అనలేదు, వాళ్లకు నిజంగానే అర్థమైంది, కాకపోతే అర్థమైంది మీ వాక్యం. అందుకని వరస తిరగేయండి. పాఠకుడు ముందు ఒక పని చేయాలి, తెర మీద ఏదో ఒకటి మారాలి, ఇదేమిటి అని అతనికే అనిపించాలి, అప్పుడు పేరు చెప్పాలి. నిర్వచనం అధ్యాయం చివర్లో రెండు వాక్యాల్లో వస్తే చాలు.

కొత్త మొదటి అధ్యాయం ఇలా ఉండొచ్చు. పాఠకుడి దగ్గర విండోస్ ఉందనుకుందాం. కమాండ్ ప్రాంప్ట్ తెరిచి పింగ్ (ఒక మెషీన్ జవాబిస్తోందా అని చూసే) కమాండు కొట్టమనండి, అడ్రసు 127.0.0.1, చివర హైఫన్ టీ (-t). ఈ అడ్రసు తన మెషీన్‌దే కాబట్టి ఇంటర్నెట్ లేకపోయినా పనిచేస్తుంది. హైఫన్ టీ పెట్టకపోతే నాలుగు లైన్లు వచ్చి ఆగిపోతుంది, అతను టాస్క్ మేనేజర్ తెరిచేలోపు చూడ్డానికి ఏమీ మిగలదు. రెండో కమాండ్ ప్రాంప్ట్ తెరిచి అదే పని మళ్లీ చేయించండి. ఇప్పుడు కంట్రోల్, షిఫ్ట్, ఎస్కేప్ మూడూ కలిపి నొక్కితే టాస్క్ మేనేజర్ వస్తుంది. అందులో డీటెయిల్స్ ట్యాబ్‌కి పంపండి. ప్రాసెసెస్ ట్యాబ్ వద్దు, అక్కడ విండోస్ కొన్నిటిని గుంపు చేసి చూపిస్తుంది, లెక్క తేలదు. డీటెయిల్స్‌లో పింగ్ పేరుతో రెండు లైన్లు కనిపిస్తాయి. పేరు ఒకటే, పీఐడీ (ప్రాసెస్ నంబరు) కింద అంకెలు వేరు. ఒక కిటికీలోకి వెళ్లి కంట్రోల్ సీ నొక్కమనండి. పింగ్ లైను ఒకటి మాయమవుతుంది, ఆ కిటికీ మాత్రం అలాగే ఉంటుంది. రెండో కిటికీని మూల ఉన్న గుర్తు నొక్కి మూసేయమనండి. అక్కడ పింగ్‌తో పాటు కమాండ్ ప్రాంప్ట్ కూడా పోతుంది.

ఇంతే పని. ఐదు నిమిషాల్లో అతను తన కళ్లతో నాలుగు సంగతులు చూశాడు: డిస్కు మీద ఉన్న ప్రోగ్రాం ఒకటే అయినా నడిచే ప్రాసెస్‌లు రెండు కావచ్చు, ఒక్కొక్కదానికి ఒక నంబరుంటుంది, ఒకదాన్ని ఆపితే రెండోది ఆగదు, కమాండు తీసుకునే షెల్ వేరు, ఆ కమాండు వల్ల పుట్టిన ప్రాసెస్ వేరు. మీ రెండో అధ్యాయంలో బొమ్మ వేసి చెప్పిన ముక్క ఇదే. టాస్క్ మేనేజర్‌లో మిగతా లైన్ల జోలికి వెళ్లొద్దని ఒక్క మాట గట్టిగా రాయండి, సిస్టమ్ ప్రాసెస్‌ను ఎండ్ టాస్క్ చేస్తే మెషీన్ మొత్తం ఆగిపోయే ప్రమాదముంది.

పింగే ఎందుకు, నోట్‌ప్యాడ్ రెండుసార్లు తెరిస్తే సరిపోదా అని మీకు అనిపించవచ్చు. పాత పాఠాల్లో ఆ ఉదాహరణే ఉండేది. విండోస్ 11లో వచ్చిన కొత్త నోట్‌ప్యాడ్‌కి ట్యాబ్‌లున్నాయి, రెండో ఫైలు అదే కిటికీలో ఇంకో ట్యాబ్‌గా తెరుచుకోవచ్చు. అప్పుడు మీరు రెండు లైన్లు కనిపిస్తాయని రాసిన చోట పాఠకుడికి ఒకటే కనిపిస్తుంది. కొత్తవాడు పుస్తకం తప్పు అనుకోడు, తనకే చేతకాలేదనుకుంటాడు. పుస్తకం మూసేది అక్కడే. ప్రయోగానికి వాడే వస్తువు పాతదై, చిన్నదై, ఏళ్ల తరబడి మారనిదై ఉండాలి.

విండోసా లినక్సా అన్నదానికి: రెండూ సమానంగా, పక్కపక్కన రాయకండి. పేజీలు రెట్టింపవుతాయి, మీరు పరీక్షించాల్సిన మెట్లూ రెట్టింపవుతాయి, పాఠకుడు ప్రతి పేజీలో సగం వదిలేస్తూ పోవాలి. మొదటి రెండు అధ్యాయాలు అతని దగ్గర ఉన్నదాని మీద, కొత్తగా ఏదీ ఇన్‌స్టాల్ చేయించకుండా నడపండి. మూడో అధ్యాయం నుంచి లినక్స్‌కి మారండి. కారణం ఒక్కటే, లినక్స్‌లో లోపలి సంగతులు చిన్న చిన్న కమాండ్లతో బయటికి కనిపిస్తాయి. పేజీ ఒకటిలోనే ఇన్‌స్టాల్ చేయమంటే సగంమంది అక్కడే రాలిపోతారు, రెండు అధ్యాయాలు చదివి ఆసక్తి పుట్టినవాళ్లు ఆ కష్టం పడతారు.

ఆ కష్టాన్ని కూడా మీరే తగ్గించాలి. వర్చువల్ మెషీన్, అంటే ఉన్న మెషీన్ లోపల ప్రోగ్రాంలా నడిచే ఇంకో మెషీన్, పెట్టించండి, దానికి వర్చువల్‌బాక్స్ అనే ప్రోగ్రాం చాలు. అసలు మెషీన్‌లో కనీసం 8 జీబీ ర్యామ్ ఉండాలి, అందులోంచి 4 జీబీ ర్యామ్, 2 ప్రాసెసర్లు, 25 జీబీ డిస్కు వర్చువల్ మెషీన్‌కి ఇస్తే లినక్స్ రకాల్లో ఒకటైన ఉబుంటు డెస్క్‌టాప్ నడుస్తుంది. డౌన్‌లోడ్ చేయాల్సిన ఐఎస్ఓ ఫైలు (ఇన్‌స్టాల్ డిస్కు మొత్తం ఒకే ఫైలుగా) సుమారు 6 జీబీ. కాబట్టి డౌన్‌లోడ్ లింకు కంటే ముందు ఒక తనిఖీ రాయండి: టాస్క్ మేనేజర్‌లో పెర్ఫార్మెన్స్ ట్యాబ్, సీపీయూ, అక్కడ వర్చువలైజేషన్ ఎదురుగా ఎనేబుల్డ్ అని ఉందా చూడాలి. డిజేబుల్డ్ అని ఉంటే బయోస్‌లోకి (మెషీన్ ఆన్ కాగానే తెరవగలిగే సెట్టింగుల్లోకి) వెళ్లి ఆన్ చేయాలి, ఆ తర్వాతే డౌన్‌లోడ్. 6 జీబీ దించుకున్నాక ఈ సంగతి తెలిస్తే ఎవరికైనా విసుగొస్తుంది. ఆపిల్ ఎం చిప్ ఉన్నవాళ్లకు మామూలు ఐఎస్ఓ పనికిరాదు, ఏఆర్ఎమ్ రకం ప్రాసెసర్ కోసం తయారైనదే కావాలి. ఇది కూడా ఆ పేజీలోనే ఉండాలి. ఇన్‌స్టాల్ పూర్తవగానే ఒక స్నాప్‌షాట్ (ఆ క్షణంలో వర్చువల్ మెషీన్ ఉన్న స్థితి) తీయించండి, ప్రతి అధ్యాయం ముందూ ఒకటి తీయమనండి. పాడైతే వెనక్కి వెళ్లొచ్చని తెలిసిన పాఠకుడు ధైర్యంగా కొడతాడు.

డ్యూయల్ బూట్ (ఒకే డిస్కు మీద విండోస్, లినక్స్ రెండూ పెట్టడం) కొత్తవాళ్లకు చెప్పకండి. పార్టిషన్ మార్చడంలో ఒక్క నొక్కు తప్పితే ఫొటోలు, కాగితాలు అన్నీ పోతాయి. అన్నీ సరిగ్గా చేసినా, డిస్కు ఎన్‌క్రిప్షన్ ఆన్‌లో ఉన్న మెషీన్‌లో సెక్యూర్ బూట్ లాంటి సెట్టింగ్ మార్చగానే విండోస్ 48 అంకెల రికవరీ కీ అడగవచ్చు. అది ఎక్కడుందో చాలామందికి తెలియదు. ర్యామ్ 4 జీబీయే ఉన్నవాళ్ల కోసం లైవ్ పెన్‌డ్రైవ్ దారి ఒక పేజీలో ఇవ్వండి, రెండు హెచ్చరికలతో: ఐఎస్ఓ రాసేటప్పుడు పెన్‌డ్రైవ్‌లో ఉన్నదంతా చెరిగిపోతుంది, మెషీన్ ఆపగానే అందులో చేసుకున్న పని పోతుంది. ఐఎస్ఓను మామూలు ఫైలులా కాపీ చేసి పెడితే బూట్ కాదని, దాన్ని రాసే ప్రోగ్రాం వేరే వాడాలని కూడా చెప్పండి. అందరూ చేసే పొరపాటు అది.

లినక్స్‌లోకి వచ్చాక ప్రాసెస్‌ను మళ్లీ ఒకసారి పట్టుకోండి, ఈసారి ఇంకాస్త లోతుగా. స్లీప్ (చెప్పినన్ని సెకన్లు ఊరికే ఆగే) కమాండు, ఖాళీ, 3000, ఖాళీ, చివర యాండ్ గుర్తు (&), అంటే వెనక నడవమని. రెండుసార్లు. తర్వాత నడుస్తున్న ప్రాసెస్‌లు చూపే కమాండు పీఎస్. స్లీప్ లైన్లు రెండు, షెల్ అయిన బ్యాష్ ఒకటి, పీఎస్ కూడా ఒకటి కనిపిస్తాయి. చూపించమన్న కమాండు తానే ఆ జాబితాలో ఉండటం కొత్తవాళ్లకు భలే పట్టుకుంటుంది, అక్కడ రెండు వాక్యాలు ఆగండి. 3000 అంకెను ఊరికే ఎంచలేదు. చాలా పాఠాల్లో 60 అనో 300 అనో ఉంటుంది. నెమ్మదిగా చదివేవాడు పేరా పూర్తిచేసి ప్రాసెస్‌ను ఆపే కిల్ కమాండు కొట్టేసరికి 300 సెకన్లు అయిపోతాయి, అలాంటి ప్రాసెస్ లేదని జవాబొస్తుంది. ఇంకో చిన్న మెలిక: కిల్ కొట్టగానే తెర మీద ఏమీ రాదు, ఇంకోసారి ఎంటర్ నొక్కాకే టెర్మినేటెడ్ అన్న మాట కనిపిస్తుంది. బ్యాష్ ఆ సంగతిని తర్వాతి ప్రాంప్ట్ వేసే ముందు చెబుతుంది కాబట్టి అలా జరుగుతుంది. ఈ ఒక్క వాక్యం రాయకపోతే సగంమంది కిల్ పనిచేయలేదనుకుని అదే నంబరు మళ్లీ కొడతారు.

సీపీయూ వాడకం శాతం చెప్పేచోట కూడా జాగ్రత్త. ఆగకుండా తిరిగే ఒక లూప్‌ను లినక్స్‌లో నడిపి టాప్ కమాండులో చూస్తే 100 శాతం అంటుంది. అలాంటిదే నాలుగు లాజికల్ ప్రాసెసర్లున్న మెషీన్‌లో విండోస్ టాస్క్ మేనేజర్ 25 అంటుంది, ఎనిమిదుంటే సుమారు 12. రెండూ నిజమే. టాప్ ఒక ప్రాసెసర్‌ను వందగా లెక్కపెడుతుంది, టాస్క్ మేనేజర్ అన్నిటినీ కలిపి వంద అంటుంది. టాప్‌లో షిఫ్ట్ నొక్కి ఐ కొడితే అది కూడా రెండో లెక్కకు మారుతుంది.

అనుమతుల గురించి అధ్యాయం రాస్తారు కదా, దానికి ఒక ప్రయోగం చెబుతాను. మామూలుగా అందరూ రీడ్, రైట్, ఎగ్జిక్యూట్, 4, 2, 1 అని పట్టిక వేస్తారు, పాఠకుడు బట్టీపడతాడు. దాని బదులు ఇలా చేయండి. ఒక కొత్త డైరెక్టరీ, అందులో రెండు లైన్ల ఫైలు. ఆ ఫైలుకు అనుమతులు మార్చే సీహెచ్‌మోడ్ కమాండుతో 444 పెట్టించండి, అంటే ఎవరూ రాయకూడదు, చదవడమే. ఇప్పుడు దాన్ని చెరిపేయగలరా అని అడిగి, జవాబు కాగితం మీద రాయించండి. దాదాపు అందరూ లేదంటారు. చెరిపే కమాండు ఆర్ఎమ్ కొడితే, రాయడానికి వీల్లేని ఫైలు, తీసేయమంటారా అని అడుగుతుంది. వై నొక్కితే ఫైలు పోతుంది! ఇప్పుడు తలకిందులు చేయండి. కొత్త ఫైలు పెట్టి, దానికి 666, అంటే అందరూ రాయొచ్చు. డైరెక్టరీకి మాత్రం 555, అంటే అందులో ఎవరూ మార్పు చేయకూడదు. ఆర్ఎమ్ కొడితే అనుమతి లేదంటుంది. ఎందుకంటే ఫైలు పేరు ఉండేది ఫైలులో కాదు, డైరెక్టరీలో. చెరపడమంటే డైరెక్టరీలో ఒక పేరు తీసేయడం, కాబట్టి కావాల్సిన అనుమతి డైరెక్టరీది. ఈ ఒక్క ప్రయోగం తర్వాత పట్టిక వేస్తే అది మనసులో నిలుస్తుంది.

ఇది చెడిపోయే మార్గాలు మూడున్నాయి. పాఠకుడు సూడో (నిర్వాహకుడి అధికారంతో నడిపే కమాండు) వాడినా, రూట్‌గా (నిర్వాహకుడిగా) ఉన్నా, అనుమతుల తనిఖీ అతనికి వర్తించదు, రెండుసార్లూ ఫైలు పోతుంది. వర్చువల్‌బాక్స్ షేర్డ్ ఫోల్డర్‌లోనో, విండోస్ కోసం ఫార్మాట్ చేసిన పెన్‌డ్రైవ్‌లోనో చేస్తే సీహెచ్‌మోడ్ చెప్పినట్టు పనిచేయదు. హోమ్ డైరెక్టరీలోనే చేయమని రాయండి. మూడోది, ప్రయోగం అయ్యాక డైరెక్టరీని తిరిగి 755 (యజమాని మార్చగలిగేలా) చేయించకపోతే తర్వాతి పాఠంలో అక్కడ ఫైలు పుట్టదు, కారణం ఎవరికీ గుర్తుండదు.

మెమరీకి వచ్చేసరికి చాలామంది రచయితలు ర్యామ్‌ను బల్లతో, డిస్కును బీరువాతో పోలుస్తారు. మీ బొమ్మ కూడా అలాంటిదేనని ఊహిస్తున్నాను. మొదటి పేజీకి బాగానే ఉంటుంది, మూడో పేజీలో అడ్డం తిరుగుతుంది. బీరువాలోంచి తీసి బల్ల మీద పెట్టిన కాగితం బీరువాలో ఉండదు. ఫైలు అలా కాదు, ర్యామ్‌లోకి వచ్చేది నకలు, డిస్కు మీద అది అక్కడే ఉంటుంది. సేవ్ చేయకుండా ఆపేస్తే ఎందుకు పోతుంది, క్యాష్ అంటే ఏమిటి అన్న రెండు ప్రశ్నలకూ ఆ పోలిక తప్పుదారే చూపిస్తుంది. పోలిక వాడితే అది ఎక్కడ చెల్లదో అక్కడే చెప్పేయండి, లేదా ఎత్తేయండి.

క్యాష్‌ను చూపించడం తేలిక. 1 జీబీ ఫైలును క్యాట్ కమాండుతో చదివి డెవ్ నల్‌లోకి (వచ్చినదంతా పారేసే చోటికి) పంపుతూ ముందు టైమ్ అని చేర్చి రెండుసార్లు కొలవాలి. రెండోసారి సమయం తగ్గుతుంది, ఎందుకంటే మొదటిసారి చదివినదాన్ని కెర్నల్ ర్యామ్‌లో ఉంచుకుంది. ఫ్రీ హైఫన్ హెచ్ కొట్టి ముందూ వెనకా చూస్తే బఫ్ క్యాష్ అన్న నిలువు వరసలో సుమారు 1 జీబీ పెరుగుతుంది, ఫ్రీ అన్నది అంత తగ్గుతుంది, అవైలబుల్ అన్నది మాత్రం పెద్దగా కదలదు. ‘నా ర్యామ్ అంతా అయిపోయింది’ అని కంగారుపడేవాళ్లందరికీ చూపించాల్సిన అంకె ఆ అవైలబుల్‌దే.

కాకపోతే ఈ ప్రయోగం మీరు రాసినట్టు రాకపోవచ్చు. అప్పుడే సృష్టించిన ఫైలును చదివితే మొదటిసారే వేగంగా వస్తుంది, రాసేటప్పుడే అది క్యాష్‌లో చేరి ఉంటుంది కాబట్టి. ఫైలు తయారుచేశాక మెషీన్ రీస్టార్ట్ చేయించి, అప్పుడు కొలవాలి. ఎఫ్అలొకేట్ కమాండుతో ఒక్క క్షణంలో పెద్ద ఫైలు పుట్టించడం కూడా పనికిరాదు. అందులో ఇంకా డేటా రాయలేదని ఫైల్ సిస్టమ్‌కి తెలుసు, డిస్కు దాకా వెళ్లకుండానే సున్నాలు అందిస్తుంది. హెడ్ కమాండుతో డెవ్ యూరాండమ్ (వరస లేని బైట్లు ఇచ్చే చోటు) నుంచి 1 జీబీ తీసి ఫైలులో పెట్టండి. డిస్కు మీద నేరుగా రాయగల డీడీ కమాండు మాత్రం కొత్తవాళ్ల చేతికివ్వకండి, గమ్యం పేరులో ఒక అక్షరం తప్పితే డిస్కు చెరిగిపోతుంది. వర్చువల్ మెషీన్‌లో ఇంకో చిక్కుంది, లోపలి మెషీన్‌ను రీస్టార్ట్ చేసినా బయటి మెషీన్ తన ర్యామ్‌లో ఆ డేటా ఉంచుకోవచ్చు. అలా జరిగితే తేడా కనిపించదు, బయటి మెషీన్‌నూ ఒకసారి రీస్టార్ట్ చేయాలి. పాత హార్డ్ డిస్కులో తేడా కొట్టొచ్చినట్టుంటుంది, వేగమైన ఎన్‌వీఎమ్ఈ డిస్కులో తక్కువ. అందుకని పుస్తకంలో మీ అంకెలు ఇచ్చి, ‘మీ అంకెలు వేరుగా ఉంటాయి, రెండోది మొదటిదానికంటే తక్కువైతే చాలు’ అని రాయండి.

లోతు గురించి అడిగారు. ఈ దారిలో ముందు నడిచినవాళ్లను చూడండి. జాన్ లయన్స్ న్యూ సౌత్ వేల్స్ విశ్వవిద్యాలయంలో 1976లో తన విద్యార్థుల కోసం యూనిక్స్ అనే ఆపరేటింగ్ సిస్టమ్ ఆరో ఎడిషన్ కెర్నల్ మీద వ్యాఖ్యానం రాశారు. ఆ కోడ్ దాదాపు 9000 లైన్లు. ఒక మనిషి ఒక విద్యా సంవత్సరంలో మొత్తం చదవగలిగిన పరిమాణం. ఆ తర్వాతి ఎడిషన్ లైసెన్సు తరగతిలో కోడ్ చెప్పడాన్ని నిషేధించింది, అందుకే ఆండ్రూ టానెన్‌బామ్ 1987లో బోధన కోసమే మినిక్స్ అనే ఆపరేటింగ్ సిస్టమ్‌ను చిన్నదిగా తయారుచేశారు. ఎమ్ఐటీవాళ్లు 2006లో ఎక్స్‌వీ6 అనే ఇంకో చిన్న ఆపరేటింగ్ సిస్టమ్ రాసుకున్నదీ బోధన కోసమే. వీళ్లు విషయాన్ని పలచన చేయలేదు. పాఠకుడి తలలో ఒకేసారి పట్టేంత ముక్కను ఎంచుకుని, ఆ ముక్కలో ఏమీ దాచకుండా చెప్పారు. మీ పాఠకుడికి కోడ్ అక్కర్లేదు, కానీ పద్ధతి అదే. నా కొలబద్ద ఇది: పాఠకుడు తన మెషీన్ మీద చూడగలిగితే ఉంచండి, చూసే దారి లేకపోతే ఒక్క వాక్యంతో దాటేయండి. డెడ్‌లాక్‌కి పెట్టే నాలుగు షరతులు, పేజ్ టేబుల్ అంచెలు ఈ పుస్తకానికి బరువే.

షెడ్యూలర్‌ను (ప్రాసెస్‌ల మధ్య ప్రాసెసర్ సమయాన్ని పంచే భాగాన్ని) మాత్రం తీసేయకండి, దాన్ని చక్కగా చూపించవచ్చు. టాస్క్‌సెట్ కమాండుతో రెండు ‘యెస్’ (yes, ఆగకుండా ఒకే అక్షరం రాస్తూ పోయే) కమాండ్లను, అవుట్‌పుట్ డెవ్ నల్‌లోకి మళ్లిస్తూ, ఒకే ప్రాసెసర్ మీద కట్టేస్తే టాప్‌లో చెరో 50 శాతం దగ్గర కనిపిస్తాయి. ఒకదాన్ని నైస్ (ప్రాధాన్యం తగ్గించే కమాండు) 10తో మొదలుపెడితే వాటా సుమారు 90, 10కి మారుతుంది. రెండిటినీ ఒకే టెర్మినల్ నుంచి, చివర యాండ్ గుర్తు పెట్టి నడపాలి. వేర్వేరు టెర్మినల్ కిటికీల్లో నడిపితే చాలా డిస్ట్రిబ్యూషన్లలో నైస్ పెట్టినా సగం సగమే వస్తుంది. కెర్నల్ ముందు గుంపుల మధ్య ప్రాసెసర్‌ను పంచుతుంది, ఒక్కో టెర్మినల్ ఒక్కో గుంపు, నైస్ లెక్క గుంపు లోపలే చెల్లుతుంది. అనుభవమున్నవాళ్లు కూడా ఇక్కడ తికమకపడతారు, కాబట్టి కొత్తవాడు పడతాడని ముందే ఎదురుచూడండి.

విండోస్ భాగంలో ఫైలు పరిమాణం చెప్పేటప్పుడు ఒకే అక్షరమున్న ఫైలు డిస్కు మీద 4 కేబీ తీసుకుంటుందని రాయొద్దు. కొన్ని వందల బైట్ల లోపు ఫైళ్లను విండోస్ ఫైల్ సిస్టమ్ అయిన ఎన్‌టీఎఫ్ఎస్ తన సొంత పట్టికలోనే దాచేస్తుంది, ఇప్పటి విండోస్‌లో సైజ్ ఆన్ డిస్క్ సున్నా అని చూపిస్తుంది. రెండు మూడు వేల బైట్లున్న ఫైలుతో చేయిస్తే 4 కేబీ కనిపిస్తుంది. తెలుగు అక్షరాలైతే వాటిని బైట్లుగా రాసే పద్ధతి అయిన యూటీఎఫ్-8లో ఒక్కో సంకేతానికి 3 బైట్లు, ‘క్షీ’ చూడ్డానికి ఒక్క అక్షరమే అయినా అందులో నాలుగు సంకేతాలున్నాయి, మొత్తం 12 బైట్లు. నోట్‌ప్యాడ్‌లో సేవ్ చేసి చూపిస్తే తెలుగు పాఠకుడికి ఇంతకంటే మంచి పాఠం దొరకదు.

ఇక కమాండ్లు అచ్చువేయడం. వర్డ్ ప్రాసెసర్ మీకు తెలియకుండా నిలువు కోట్లను వంపు కోట్లుగా, రెండు హైఫన్లను ఒక పొడుగు గీతగా మార్చేస్తుంది. అలా మారిన కమాండు టెర్మినల్‌లో పనిచేయదు, కంటికి తేడా తెలియదు. ఆటోకరెక్ట్ ఆపి, కమాండ్లన్నీ మామూలు టెక్స్ట్ ఫైలులో రాసుకుని, అక్కడినుంచే టెర్మినల్‌లో పరీక్షించి, అదే ఫైలు నుంచి పేజీలోకి తీసుకోండి. ప్రాంప్ట్ గుర్తును కమాండు ముందు వేయకండి. డాలర్ గుర్తు వేస్తే పాఠకుడు దాన్ని కూడా కొడతాడు, అలాంటి కమాండు లేదంటుంది. రూట్ ప్రాంప్ట్ అయిన హ్యాష్ గుర్తు ఇంకా ప్రమాదం, షెల్ ఆ లైనంతా వ్యాఖ్య అనుకుని ఏమీ చేయదు, తప్పు కూడా చూపదు. అన్నీ అయ్యాయనుకుని పాఠకుడు ముందుకు పోతాడు. పొడుగు కమాండు రెండో లైనుకు జారితే అది ఒకటే కమాండని చెప్పే గుర్తు ఒకటి పెట్టుకుని, పుస్తకమంతా దాన్నే వాడండి.

మొదటిసారి టెర్మినల్ తెరిచినప్పుడు పాస్‌వర్డ్ కొడుతుంటే చుక్కలు కూడా పడకపోవచ్చని, కీబోర్డు బాగానే ఉందని రాయండి. కాపీ కమాండు విజయవంతమైతే ఏమీ మాట్లాడదని, మౌనమంటే పని అయిందనే అర్థమని రాయండి. కాపీకి అలవాటైన కంట్రోల్ సీ ఇక్కడ నడుస్తున్నదాన్ని ఆపేస్తుంది, కాపీకి కంట్రోల్, షిఫ్ట్, సీ. సేవ్ అలవాటుతో కంట్రోల్ ఎస్ నొక్కితే తెర బిగుసుకుంటుంది, కంట్రోల్ క్యూతో విడుస్తుంది. ఈ నాలుగూ మీకు ఎప్పుడో అలవాటైపోయాయి, అందుకే మీ పుస్తకంలో కనిపించకుండా పోయే ప్రమాదముంది.

స్క్రీన్‌షాట్లు తగ్గించండి, ఉన్నవాటిని కత్తిరించండి. ఒక లెక్క వేసుకుంటే తెలుస్తుంది. 1920 పిక్సెళ్ల వెడల్పున్న పూర్తి తెరను 5 అంగుళాల వెడల్పు పేజీలో ఇరికిస్తే అంగుళానికి 384 పిక్సెళ్లు పడతాయి, తెర మీద 12 పిక్సెళ్ల ఎత్తున్న అక్షరం కాగితం మీద సుమారు రెండుంపావు పాయింట్లవుతుంది. ఎవరూ చదవలేరు. అదే అక్షరం కనీసం 6 పాయింట్లు రావాలంటే బొమ్మ వెడల్పు 720 పిక్సెళ్లు మించకూడదు. కాబట్టి కావాల్సిన డైలాగ్ ఒక్కటే తీసుకోండి. బటన్ల మీద తెర ఏ మాట చూపిస్తుందో పుస్తకంలోనూ ఆ మాటే ఉండాలి. కమాండు ఫలితాన్ని బొమ్మగా కాకుండా అక్షరాలుగా అచ్చువేయండి.

ఏ వెర్షన్ మీద పరీక్షించారో ప్రతి అధ్యాయం మొదట్లో ఒక లైను వేయండి. విండోస్ 10కి మామూలు మద్దతు 2025 అక్టోబర్ 14తో ముగిసింది, విండోస్ భాగం 11 మీదే రాయండి. ఉబుంటులో రెండేళ్లకోసారి ఏప్రిల్‌లో వచ్చే ఎల్‌టీఎస్ (ఎక్కువకాలం మద్దతుండే) వెర్షన్‌నే ఎంచుకోండి, దానికి ఐదేళ్ల మామూలు మద్దతుంటుంది. మీ రోజువారీ మెషీన్ మీద పరీక్షించి సరిపెట్టకండి, అందులో ఎప్పుడో పెట్టుకున్న టూల్స్, అలియాస్‌లు (కమాండ్లకు మీరు పెట్టుకున్న పొట్టి పేర్లు) ఉంటాయి. ఇన్‌స్టాల్ చేసిన వెంటనే తీసిన స్నాప్‌షాట్‌కి వెళ్లి, అచ్చులో ఉన్నది ఉన్నట్టు కొట్టండి.

ఆ తర్వాత కంప్యూటర్ అంతగా తెలియని ఐదుగురి ముందు ఒక్కొక్కరికీ విడిగా అధ్యాయం పెట్టండి. పక్కన కూర్చోండి, నోరు విప్పకండి. ‘అర్థమైందా’ అని అడగకండి. చెయ్యి ఎక్కడ ఆగిందో, ఏ లైను రెండుసార్లు చదివారో, ఏం కొట్టబోయి మానుకున్నారో పేజీ అంచున గుర్తు పెట్టుకోండి. ఇద్దరు ఒకేచోట ఆగితే అది తిరగరాయాల్సిన చోటు. పరీక్ష ప్రశ్నలు కూడా ‘ప్రాసెస్ అంటే ఏమిటి’ అని ఉండకూడదు. ‘ఇప్పుడు ఈ కిటికీ మూసేస్తే డీటెయిల్స్‌లో ఎన్ని లైన్లు తగ్గుతాయి? ముందు రాసి, తర్వాత మూసి చూడండి’ అని ఉండాలి.

1971 నవంబర్‌లో కెన్ థాంప్సన్, డెన్నిస్ రిచీ యూనిక్స్ మొదటి మాన్యువల్ వేసినప్పుడే ప్రతి కమాండుకీ అందులోని లోపాలు చెప్పే భాగం ఒకటి పెట్టారు. మీ ప్రయోగాల కింద కూడా ‘ఇలా రాకపోతే’ అని ఒక చిన్న భాగం పెట్టండి: కనిపించే సందేశం, దాని కారణం, చేయాల్సిన పని. మీరు మొదట రాసిన చరిత్ర వృథా పోదు, అనుమతుల అధ్యాయానికీ షెడ్యూలర్ అధ్యాయానికీ మధ్య దాన్ని ముక్కలుగా పంచండి. ఒకే మెషీన్‌ను పదిమంది పంచుకున్న రోజుల్లో ఈ అనుమతులు ఎందుకు పుట్టాయో, 444 ఫైలును తన చేత్తో చెరిపి చూసిన పాఠకుడు ఆసక్తిగా చదువుతాడు.